కుటుంబ కారణాల వల్ల

గోరీకి ప్రమోషన్ వంతు వచ్చిందని ఎవరూ చెప్పలేదు. అది వద్దనుకున్నందుకు అభినందనలు మాత్రం ముందే వచ్చాయి.

సోమవారం పొద్దున ఆమె బ్యాగులోంచి టిఫిన్ డబ్బా ఇంకా బయటికి తీయనేలేదు. ఎదుటి సీటు తిరుపతి లేచి వచ్చి రెండు చేతులూ జోడించాడు.

"గొప్ప మనసక్కా నీది. ఈ కాలంల ఎవరు చేస్తరు గిట్ల?"

"ఏం చేసిన్నే?"

"శ్రీధర్ సారుకు తొవ్వ ఇడిసినవంట గదా."

గోరీ కళ్ళజోడు పెట్టుకుని నోటీసు బోర్డు దగ్గరికి వెళ్ళింది. శుక్రవారం సాయంత్రం ఆమె ఇంటికి వెళ్ళాక అతికించినట్టున్నారు. జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి మూడు జిల్లాలకూ కలిపి సీనియర్ అసిస్టెంట్ల సీనియారిటీ జాబితా. ఒకటో నంబరు: బానోతు గోరీ, మహబూబాబాద్. రెండో నంబరు: శ్రీధర్, జనగామ. కింద ఒక గమనిక: భూపాలపల్లిలో సూపరింటెండెంటు పోస్టు ఒకటి ఖాళీ.

ఆ శాఖ పేరు చెబితే ఆ శాఖవాళ్ళు నొచ్చుకుంటారు. చెప్పకపోతే మిగతా శాఖల వాళ్ళంతా తమ గురించే అనుకుంటారు. నలుగురూ పంచుకునే బాధే నయం గనక చెప్పకుండా ఉండటమే మేలు. ఆ శాఖలో ఒక ఆచారం ఉంది. ప్రమోషన్ వరస ఆడమనిషి దాకా వచ్చి ఆగిందంటే, వెనకున్న మగవాడు పళ్ళో స్వీట్లో పట్టుకుని ఆమె ఇంటికి వెళతాడు. ఆమె నాకు ప్రమోషన్ వద్దని రాసిస్తుంది. ఆఫీసులో దాన్ని 'వద్దు కాయితం' అంటారు. ఒకసారి అది రాసిచ్చిన మనిషి వంక మళ్ళీ ఎవరూ చూడరు. రాధ పిల్లాడి పదో తరగతి కోసం రాసిచ్చింది. వాడికిప్పుడు పెళ్ళయి కూతురు కూడా పుట్టింది, రాధ మాత్రం అదే కుర్చీలో ఉంది. సులోచన మొగుడికి బదిలీ కావచ్చని రాసిచ్చింది, బదిలీ కాలేదు. సోమక్క అత్తగారి మోకాళ్ళ కోసం రాసిచ్చింది. మరుసటి నెలలోనే ఆ అత్తగారు చిల్పూర్ గుట్ట మెట్లన్నీ ఎక్కి బుగులు వెంకటేశ్వరస్వామిని దర్శించుకుని, ప్రసాదం కోడలి ఆఫీసుకే పంపింది.

ఆ కాగితాలన్నీ టైపు చేసింది గోరీయే. 'కుటుంబ కారణాల వల్ల' అన్న మాటలు కళ్ళు మూసుకున్నా ఆమె వేళ్ళకు తగిలేవి. అవి తన పేరు కిందికి కూడా వస్తాయని ఆమె ఎన్నడూ అనుకోలేదు. ఎందుకంటే తన పేరు పైకి వస్తుందనే అనుకోలేదు.

సాయంత్రం ఇంటికి వచ్చేసరికి బల్ల మీద ఆపిల్ పళ్ళున్నాయి. ప్రేమ్‌సింగ్ ఒకటి కోసుకుని తింటున్నాడు. అతను ఆర్టీసీ కండక్టరు, ఆ రోజు అతనికి సెలవు.

"ఎవరు తెచ్చిన్రు?"

"శ్రీధర్ సారు. నువ్వు నిన్న కొత్తగూడకు పెండ్లికి పోయినవ్ గదా, అప్పుడొచ్చిండు. మంచి మనిషే. చెప్పులు బయటనే ఇడిసిండు."

"ఏమన్నడు?"

"అడిగిండు. ఆమె గంత దూరం ఏడ పోతది సారూ, మాకు గంత అవసరమా అన్న."

"నన్నడగకుంటనే?"

"అడిగితే నువ్వు గదే అంటవ్ గదనే!"

గోరీకి మండింది అక్కడే. అడిగి ఉంటే తను నిజంగా అదే అని ఉండేది. భూపాలపల్లికి వెళ్ళాలంటే నర్సంపేటలో ఒక బస్సు, ములుగు తోవలో ఇంకో బస్సు మారాలి. రోజూ వెళ్ళి రావడం కుదరదు, గది తీసుకోవాలి. ఆమెకు యాభై నాలుగేళ్ళు. ఆదివారం దాకా ఎవరైనా అడిగి ఉంటే ఎందుకులే అనేది, ఒక ఆపిల్ తీసుకునేది కూడా. తను అనబోయే మాటను మొగుడు ముందే అనేసి, దానికి వచ్చిన పండు తనే కోసుకు తింటుంటే మాత్రం ఆ మాట ఆమెకు చేదయింది.

"మొన్న నీ హైదరాబాద్ బస్సు మీద జూనియర్‌ను ఎక్కిస్తే ఏం చేసినవ్?" అంది.

"దాని ముచ్చట ఇప్పుడెందుకు?"

"రెండు దినాలు డిపో గేటు కాడ కూసున్నవ్. అన్నం తినలే. సీనియారిటీ లేకుంటే నౌకరికి ఇజ్జతే లేదన్నవ్."

"అది ఏరే."

"ఎట్ల ఏరే?"

ప్రేమ్‌సింగ్ ఆపిల్ ముక్క నములుతూ ఎట్ల వేరో వెతికాడు. "అది డ్యూటీ," అన్నాడు చివరికి.

"నాది భజననా?"

గుమ్మం దగ్గర కూర్చుని చింతపండు గింజలు తీస్తున్న అత్త ద్వాలి నవ్వింది. ఆమె నవ్వు కొడుకు వైపో కోడలి వైపో ముప్పై ఏళ్ళుగా తేలలేదు.

ఆరు గంటలకు శ్రీధర్ మళ్ళీ వచ్చాడు, ఈసారి యూనియన్ నాయకుడు గోవర్ధన్‌ను వెంటబెట్టుకుని. శ్రీధర్‌కు నలభై దాటలేదు. జనగామలో వాళ్ళది పెద్ద కిరాణా కొట్టు. బేరం కుదిరేదాకా నవ్వు చెదరనివ్వని ఇంటి పిల్లవాడు. గోవర్ధన్ చేతిలో ప్లాస్టిక్ ఫైలు, అందులో కాగితం.

"చెల్లే, సంతకమొక్కటే," అన్నాడు గోవర్ధన్ కుర్చీ లాక్కుంటూ. "నీకు రిజర్వేషన్ రోస్టర్ల వచ్చినా, ఎట్ల వచ్చినా, వచ్చింది వచ్చినట్టే. మేం కాదంటలేం. కానీ నీకు ఉన్నది ఏడేండ్లే. పిల్లగానికి ఇరవై ఏండ్లున్నయి. ఎవరికి అక్కరకొస్తదో నువ్వే చెప్పు."

"రోస్టర్ కాదన్నా," అంది గోరీ. "ఒకటో నంబరు. నాకంటే ముందు నౌకరిల చేరినోళ్ళెవ్వరూ లేరు, గందుకు వచ్చింది."

"అదే, అదే."

"కాయితం ఇయ్యి, చూస్త."

ఆమె కళ్ళజోడు పెట్టుకుని చదివింది. చదువుతూనే అలవాటు కొద్దీ పెన్ను తీసింది. ఎవరి ద్వారా పంపుతున్నారో రాయలేదు, రాసింది. విషయం అన్న చోట రెండు సంగతులు కలిపేశారు, ఒకటి కొట్టేసింది. ఉత్తర్వు తేదీ తప్పు, దిద్దింది. శ్రీధర్ ముఖం వెలిగిపోయింది. దిద్దుతోందంటే సంతకం పెడుతుందనే కదా.

"అక్క దిద్దితే ఇగ ఎవరూ వంక పెట్టలేరు," అన్నాడు.

"గీ మాట ఒక్కటే అర్థమైతలేదు. కుటుంబ కారణాల వల్ల అంటే?"

గోవర్ధన్ నవ్వాడు. "ఎప్పుడూ గదే గదా చెల్లే. నువ్వే కొట్టినవ్ అన్ని కాయితాలు."

"కొట్టిన. ఇంకొకల్ల కుటుంబాలు గనక అడగలే. ఇది నాది. కుటుంబమంటే ముగ్గురం. నేను, గీయన, మా అత్త. బిడ్డ శోభ హన్మకొండల నర్సింగ్ చదువుతది, హాస్టల్ల ఉంటది. కారణమెవరు?"

గోరీ కాగితం తిప్పి, వెనక తెల్లగా ఉన్న వైపు రాయడం మొదలుపెట్టింది. రాస్తూ పైకి చదివింది.

"నా భర్త బానోతు ప్రేమ్‌సింగ్, వయసు యాభై ఏడు, కండక్టరు. రోజుకు నాలుగు వందల మందికి టికెట్లు కొట్టగలడు గానీ గ్లాసెడు బియ్యం కడిగి పొయ్యి మీద పెట్టలేడు..."

"ఏయ్!" అన్నాడు ప్రేమ్‌సింగ్.

"తప్పా? పెట్టగలవా?"

"గది రాసేదేనా?"

"కారణం రాయాలె గదా. తన బనీను ఏ అల్మారాల ఉందో ఎరుగడు. చాయ పెట్టమంటే పాలు పొంగిస్తడు. కావున అతనిని ఒంటరిగా విడిచి వెళ్ళుట ప్రమాదకరము..."

"ప్రమాదకరమేందే! గ్యాస్ సిలిండర్ లెక్క!"

గోవర్ధన్ దగ్గుతూ తల పక్కకు తిప్పుకున్నాడు. అది దగ్గు కాదని భుజాలు చెప్తున్నాయి.

"గిక్కడ సంతకం పెట్టు," అంది గోరీ కాగితం మొగుడి వైపు తోసి. "పైన పేర్కొన్నవి నిజమని."

"నేనెందుకు పెడుత?"

"నువ్వే గదా కారణం. కాయితం మా ఆఫీసుల తిరుగుతది, హన్మకొండ పెద్దాఫీసుకు పోతది, ఫైల్ల ఉంటది. రేపు ఎవరైనా నిజమేనా అని మీ డిపోకు రాసి అడిగితే ఉండాలె గదా సాక్ష్యం."

డిపో అన్న మాట వినగానే ప్రేమ్‌సింగ్ లేచి నిలబడ్డాడు. సీనియారిటీ కోసం గేటు దగ్గర కూర్చున్న మనిషి అన్నం వండలేడన్న కాగితం ఆ గేటు లోపలికి పోవడం అతని కళ్ళ ముందు కనబడింది. "నేను పెట్ట," అన్నాడు. "నా పేరు కొట్టెయ్యి. అమ్మ పేరు రాయి."

గోరీ కొట్టేసింది. "నా అత్త ద్వాలి, వయసు డెబ్బై అయిదు. మోకాళ్ళ నొప్పులు. పది అడుగులు నడవలేదు..."

"ఎవరే నడవలేంది?" చింతపండు చాట పక్కకు జరిగింది. "మొన్న మొన్న ఇప్పపువ్వు ఏరనీకి కొత్తగూడ అడివిల తెల్లారకముందే పోయిన. నా ఎంబడి వచ్చిన పోరగాండ్లే కూలబడ్డరు. నేను కుంటిదాన్నని ఏ సారుకు రాస్తున్నవే?"

"మరి నీకు ఎవరైనా చేసి పెట్టాలె గదా అత్తా."

"నాకా? నీ పెండ్లికి ముందు నాకెవరు చేసి పెట్టిన్రే? ఏలిముద్ర ఏయ. పో."

గోరీ ఆ వాక్యం కూడా కొట్టేసింది. శ్రీధర్ ముందుకు జరిగాడు. బేరం జారిపోతుంటే కొట్టువాళ్ళ పిల్లవాడు ఊరుకోడు.

"అక్కా, పోనీ నీ ఆరోగ్యం? షుగర్ గిట్ల ఉన్నదా?"

"లేదు."

"బీపీ?"

"గిప్పుడొస్తున్నట్టుంది."

"కండ్లు సరిగ కనబడుతలేవని రాసుకోరాదు?"

"నీ కాయితంల తప్పులన్నీ గీ కండ్లతోనే దిద్దిన తమ్మీ."

ద్వాలి ఇంకోసారి నవ్వింది. ఈసారి ఎవరి వైపో అందరికీ తెలిసింది.

గోవర్ధన్ ఫైలు మూసి లేచాడు. గడప దాటాక అన్నాడు: "చెల్లే, కాయితం లేకున్నా నడుస్తది. పొద్దుగాలనే హన్మకొండకు ఫోన్ల చెప్పిన, ఆమెకు ఇష్టం లేదని. వాళ్ళు రాసుకున్నరు కూడా. రేపే కమిటీ. నిన్ను పరేషాన్ చెయ్యొద్దనే వచ్చినం."

వాళ్ళు వెళ్ళాక ప్రేమ్‌సింగ్ ఇంకో ఆపిల్ తీసుకోబోయి, భార్య ముఖం చూసి చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

"నిజంగనే పోతవా?" అన్నాడు కాసేపటికి.

"అడిగిన్రా నన్ను ఎవరైనా?"

"నేనే అడుగుతున్న గదనే ఇప్పుడు."

పద్నాలుగేళ్ళుగా గోరీది ఒకే కుర్చీ. సూపరింటెండెంట్లు వచ్చారు, పోయారు. వాళ్ళ నోట్ ఫైళ్ళు ఆమే రాసింది, కింద సంతకాలు వాళ్ళు పెట్టారు. అందులో ఒకాయనకు తన సంతకం ఎక్కడ పెట్టాలో పెన్సిలుతో గుర్తు పెట్టి ఇవ్వాల్సి వచ్చేది. భూపాలపల్లి అంటే ఆమెకు బొగ్గు లారీలు, దుమ్ము తప్ప ఇంకేమీ తెలియదు. అక్కడ ఒక గది తాళం తన చేతిలో ఉంటుందని ఊహించుకుంటే భయం వేసింది. ఆ భయంలో కొంచెం సంబరం కూడా ఉన్నట్టు తోచి, తనకే నవ్వొచ్చింది.

"పోతే పోత," అంది. "వద్దంటే నేనే వద్దంట. ఇంకొకలు అనొద్దు."

మరునాడు ఆమె సెలవు పెట్టి హన్మకొండ వెళ్ళింది. పెద్దాఫీసు వరండాలో శ్రీధర్ ఇస్త్రీ చొక్కాతో ముందే ఉన్నాడు. ఆమెను చూడగానే లేచి కుర్చీ ఇచ్చాడు. మర్యాదలో లోటు చేసే మనిషి కాదు.

"ఎందుకొచ్చినవక్కా గింత ఎండల? ఫోన్ చేసినా అయిపోవు గదా."

"ఫోన్ అయిపోయిందట గదా తమ్మీ, గందుకే వచ్చిన."

పెద్దసారు మరీ చెడ్డవాడేం కాదు. మధ్యాహ్నం భోజనం తర్వాత కమిటీ ఉంది గనక, అంతకు ముందే అందరి మాటా వినేసి పని తేల్చేసుకోవాలనుకునే మనిషి. గోరీ నమస్కారం పెట్టి, జాబితా ఫైలు ఒకసారి చూడొచ్చా అని అడిగింది. ఆయన తిప్పి చూపించాడు. ఒకటో నంబరు ఎదురుగా రాసి ఉంది: 'కుటుంబ కారణాల వల్ల అనాసక్తి వ్యక్తం చేసినారు. లేఖ అందవలసి ఉన్నది.'

"నేను ఎవరికి వ్యక్తం చేసిన సార్?"

"మీ యూనియన్ వాళ్ళే చెప్పారమ్మా."

"యూనియన్‌కు నేను చెప్పలే. మా ఇంటాయన చెప్పిండు. ఆయన వేరే సంస్థ సార్."

పెద్దసారు పెదవి కొరుక్కున్నాడు. "అన్యాయం ఏమీ జరగలేదమ్మా. అందరినీ వరసగా పరిశీలించాం. మీ పేరు కూడా పరిశీలించాం."

"నన్ను పరిశీలించలే సార్. మా వంటింటిని పరిశీలించిన్రు."

ఆయన కుర్చీలో వెనక్కి వాలాడు. కోపం రాలేదు, రావాలా వద్దా అని చూసుకుంటున్నట్టుంది. "అది కాదమ్మా. భూపాలపల్లి దూరం. ఇల్లు, ముసలామె... ఎట్లా మేనేజ్ చేస్తారు?"

"గీ ప్రశ్న శ్రీధర్‌ను అడిగిన్రా సార్?"

"అతన్నెందుకు?"

"జనగామ నుంచి ఇంకా దూరం సార్ భూపాలపల్లి. నా మీద జాలి ఉన్నంత ఆయన మీద కూడ ఉండాలె గదా. వరండాలనే ఉన్నడు. పిలిచి అడుగుండ్రి."

ఆయన నిజంగానే గంట కొట్టాడు. విసుగుతో కొట్టాడో, ఏం చెప్తాడో చూద్దామని కొట్టాడో తెలియదు. శ్రీధర్ చొక్కా సర్దుకుంటూ లోపలికి వచ్చాడు, ఆర్డరు చేతికి ఇవ్వడానికే పిలిచారనుకున్నాడు.

"ఏమయ్యా, భూపాలపల్లిలో ఎట్లా మేనేజ్ చేస్తావు?"

"సార్?"

"ఇల్లు, వంట, పిల్లలు. ఎవరు చూస్తారు?"

శ్రీధర్ పెద్దసారును చూశాడు, గోరీని చూశాడు. పదిహేడేళ్ళ సర్వీసులో ఈ ప్రశ్న అతను సిలబస్‌లో చూడలేదు. "దీప ఉంది గదా సార్," అన్నాడు.

"దీప ఎవరు?"

"నా భార్య సార్."

"ఆమె ఏం చేస్తుంది?"

"జనగామల టీచరు సార్, సర్కారు బడిల."

"మరి నీతో ఎట్లా వస్తుంది?"

"సెలవు పెడుతది సార్."

"అడిగినవా ఆమెను?" అంది గోరీ.

"అడిగితే పెడుతది," అన్నాడు శ్రీధర్, కొంచెం చిన్న గొంతుతో.

పెద్దసారు ముఖానికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. చాలాసేపటి నుంచి ఆపుకుంటున్న నవ్వు వేళ్ళ సందుల్లోంచి బయటికి వచ్చింది. బల్ల మీద గాజు గ్లాసు కూడా కదిలింది. నవ్వు తగ్గాక ఆయన పెన్ను తీసి ఆ నోటు మీద అడ్డంగా గీత గీశాడు. పక్కన తేదీ వేసి పొడి అక్షరాలు పెట్టాడు. "లేఖ లేకుండా ఇట్లా రాయడం నాది కూడా తప్పేనమ్మా," అన్నాడు. "భోజనం తర్వాత కమిటీలో మీ సర్వీసు రికార్డు పెడతాం. అందులో వంక లేకపోతే వరస ప్రకారమే. ఆర్డరు వచ్చాక మాత్రం ఏడుస్తూ రావద్దు, బదిలీ చెయ్యండి సార్ అని."

"ఏడుపు వస్తే అక్కడనే ఏడుస్త సార్. గది తీసుకుంటున్న గదా."

బయటికి వచ్చాక శ్రీధర్ గేటు దాకా పక్కనే నడిచి, అక్కడ ఆగి అడిగాడు: "అక్కా, కోపమచ్చిందా?"

"రాలే తమ్మీ. వచ్చేసారి నీ పేరే. అప్పటి దాకా దీపను అడుగుడు నేర్చుకో."

ఆర్డరు తొమ్మిది రోజులకు వచ్చింది. ఆ తొమ్మిది రోజుల్లో తిరుపతి మళ్ళీ రెండుసార్లు అభినందించాడు, మొదటిసారి దేనికో మరిచిపోయినట్టు. ప్రేమ్‌సింగ్ బయలుదేరే రోజు తెల్లవారుతుండగా ట్రంకు పెట్టె మోసుకుంటూ బస్టాండుకు వచ్చాడు. కండక్టరుతో మాట్లాడి ఆమెకు కిటికీ పక్క సీటు ఇప్పించాడు. దిగేటప్పుడు బస్సులో అందరూ వినేట్టుగా ఆ కండక్టరుతో అన్నాడు: "జర చూసుకో తమ్మీ. సూపరింటెండెంట్ మేడం."

భూపాలపల్లి ఆఫీసులో అటెండరు టీక్యా ఆమె పుట్టిన తాండా పేరు అడిగి, చుట్టరికం కలుపుకుని, కుర్చీ తుడిచి, రెండు కాగితాలు ముందు పెట్టాడు. ఒకటి చేరినట్టు రాసిచ్చే కాగితం. రెండోది చూసి గోరీ కళ్ళజోడు సవరించుకుంది. సెలవు దరఖాస్తు, అరవై రోజులు, పేరు దగ్గర మాత్రం ఖాళీ.

"గిదేంది కాకా?"

"ఇంతకుముందు ఒకామె వచ్చింది మేడం. చేరిన దినమే సెలవు పెట్టి పోయింది. నువ్వూ గట్లనే అడుగుతవని పొద్దుగాలనే రాపిచ్చిపెట్టిన. మళ్ళ తిరుగుడెందుకని."

అతని ముఖంలో ఎగతాళి ఏమీ లేదు. సాయం చేశానన్న తృప్తి ఉంది.

గోరీ మొదటి కాగితం మీద సంతకం పెట్టింది. రెండో కాగితం మడిచి, ఊగుతున్న బల్ల కాలు కింద పెట్టింది. బల్ల ఇంకా కొంచెం ఊగుతూనే ఉంది.

"అన్నిటికంటే పాత ఫైలు ఏ సెక్షన్ల ఉంది?" అని అడిగింది.

"అన్ని సెక్షన్లల్ల పాతవే మేడం."

"అయితే నీకు అందేది ఒకటి పట్కరా, కాకా."